అమెరికా నౌకాదళం ఎవరిని క్షమించింది?

అందరికీ నమస్కారం. విశాఖలో నిలబడి నౌకాదళం గురించి మాట్లాడ్డమంటే హనుమంతుడి ముందు కుప్పిగంతులే. యూనిఫాం ఎప్పుడో విప్పేసినా కూర్చునే తీరు మారని పెద్దలు ముందు వరసలో చాలామంది కనిపిస్తున్నారు. అందుకని మన నేవీ జోలికి పోను. అమెరికా అడ్మిరల్స్ గురించి చెప్తాను, అది కూడా యుద్ధాల పక్క నుంచి కాదు. రెండో ప్రపంచ యుద్ధంలో జపాన్‌తో జరిగిన మిడ్వే గురించీ లేటే గల్ఫ్ గురించీ ఇక్కడ నాకన్నా బాగా చెప్పగలిగేవాళ్ళు ఉన్నారు. నేను చూసేది వాళ్ళ సర్వీసు రికార్డు. ఎవరు పైకి వెళ్ళారు, ఎవర్ని మధ్యలో ఆపేశారు, ఎవరి తప్పు ఫైల్లో ఉండి కూడా లేనట్టయింది, ఎవరి తప్పు చచ్చేదాకా వెంటాడింది. సర్వీసు చేసినవాళ్ళు ఒప్పుకుంటారనుకుంటాను, తుపాన్ల కన్నా ప్రమోషన్ బోర్డులే ఎక్కువమందిని ముంచాయి. (నవ్వులు)

1908 జులై 7 రాత్రి. ఫిలిప్పీన్స్‌లో మనీలాకి దక్షిణాన బటాంగాస్ రేవు. డికేటర్ అనే డిస్ట్రాయర్ లోపలికి వస్తోంది. దాని కమాండింగ్ ఆఫీసర్ వయసు 23. బేరింగ్స్, అంటే ఒడ్డు గుర్తుల దిశలు, తీసుకుని ఓడ ఎక్కడుందో కచ్చితంగా చూసుకోవాల్సింది, ఉజ్జాయింపుగా లెక్కేసుకున్నాడు. పోటు ఉందో పాటు ఉందో కూడా చూసుకోలేదు. ఓడ వెళ్ళి బురద మేటలో కూరుకుపోయింది. ఎంత వెనక్కి లాగినా కదల్లేదు. అప్పుడా కుర్రాడు డెక్ మీద మంచం వేయించుకుని పడుకున్నాడు. మన చేతిలో లేనిదాని గురించి బెంగపడకూడదని వాళ్ళ తాత చెప్పాడట! తెల్లారాక ఒక చిన్న స్టీమరు వచ్చి బయటికి లాగింది. జరిగింది జరిగినట్టు అతనే పైవాళ్ళకి రిపోర్టు చేశాడు. కోర్ట్ మార్షల్, అంటే సైనిక న్యాయ విచారణ, అయింది. విధి నిర్వహణలో నిర్లక్ష్యం రుజువైందని చెప్పి మందలింపు లేఖ ఇచ్చి వదిలేశారు.

ఆ కుర్రాడు చెస్టర్ నిమిట్జ్. 1945 సెప్టెంబర్ 2న టోక్యో అఖాతంలో మిస్సోరి ఓడ మీద, అమెరికా తరఫున జపాన్ లొంగుబాటు పత్రం మీద సంతకం పెట్టింది ఆయనే.

ఓడని నేలకెక్కించిన అధికారికి ఏ నేవీలోనైనా ఏమవుతుందో మీకు తెలుసు. ఆయన మాత్రం రెండేళ్ళు తిరగకుండానే లెఫ్టినెంట్ అయ్యాడు. అంతకు ముందు రికార్డులో మచ్చ లేకపోవడం ఒక కారణం. కానీ నాకు ముఖ్యంగా తోచేది ఆ తర్వాత పడిన దారి. ఆయన కోరుకున్నది యుద్ధనౌకలు. ఆ రోజుల్లో కెరీర్ అంటే అదే. పంపింది జలాంతర్గాముల్లోకి. అప్పటి జలాంతర్గాములు పెట్రోలు ఇంజిన్లతో నడిచేవి, ఆ ఆవిర్లకి మనుషులు సొమ్మసిల్లేవాళ్ళు, ఎప్పుడు ఏది అంటుకుంటుందో తెలిసేది కాదు. దాంతో ఆయన డీజిల్ ఇంజిన్ల మీద పడ్డాడు. 1913లో జర్మనీ వెళ్ళి ఆ ఇంజిన్లు తయారుచేసే చోటే నేర్చుకొచ్చాడు. ఒకసారి ఇంజిన్ చూపిస్తుంటే చెయ్యి గేర్లలో పడింది. ఉంగరం వేలు కొంత పోయింది. వేలికున్న నేవల్ అకాడమీ ఉంగరం అడ్డుపడబట్టి మిగతా చెయ్యి దక్కింది.

తర్వాత మామీ అనే ఆయిల్ ట్యాంకర్ మీద ఉండగా, 1917లో, అట్లాంటిక్ నడిమధ్య నడుస్తున్న డిస్ట్రాయర్లకి నడుస్తుండగానే ఇంధనం ఎక్కించే పద్ధతి కుదిర్చినవాళ్ళలో ఈయన ఒకడు. ఇక్కడ కొంచెం ఆగాలి. రెండో ప్రపంచ యుద్ధంలో అమెరికా పసిఫిక్ సముద్రాన్ని ఆ చివర నుంచి ఈ చివరకి దాటగలిగిందంటే, రేవుకి రాకుండానే నెలల తరబడి నౌకాదళం సముద్రం మీద ఉండగలగడం వల్ల. ఆ పని చిన్నప్పుడు నూనె మరకల చేతులతో చేసినవాడే ఆ నౌకాదళానికి అధిపతి అయ్యాడు. బటాంగాస్‌లో ఓడ నేలకెక్కకుండా ఉంటే ఈయన్ని యుద్ధనౌకల మీదకే పంపేవారా? చెప్పలేం. కానీ ఆయన్ని ఆయన్ని చేసినవి మాత్రం కోరుకోని పోస్టింగులే.

ఇప్పుడు రెండో మనిషి. హస్బెండ్ కిమ్మెల్. 1941 ఫిబ్రవరిలో పసిఫిక్ ఫ్లీట్ అధిపతి అయ్యాడు. ఎంతోమంది సీనియర్లని దాటించి మరీ ఇచ్చారు. కష్టపడి పనిచేసేవాడు, వివరాల మనిషి, రికార్డు అద్దంలా ఉండేది. ఒక విచిత్రం చెప్తాను. ఆ పదవి ముందు నిమిట్జ్‌కే ఇవ్వజూపారనీ, ఇంతమంది సీనియర్లుండగా నాకొద్దని ఆయన తప్పుకున్నాడనీ జీవిత చరిత్రకారులు రాశారు. అంటే జపాన్ దాడి చేసిన డిసెంబర్ 7 పొద్దున, హవాయీలోని పెర్ల్ హార్బర్‌లో నిలబడి ఉండాల్సింది నిమిట్జ్ కావచ్చు.

నిలబడింది కిమ్మెల్. కళ్ళ ముందు యుద్ధనౌకలు తగలబడుతుంటే కిటికీ దగ్గర నుంచుని చూస్తున్నాడు. ఎక్కడి నుంచో వేగం చచ్చిపోయిన తూటా ఒకటి అద్దం పగలగొట్టుకొచ్చి ఛాతీకి తగిలి కింద పడింది. తెల్ల యూనిఫాం మీద మసి మరక తప్ప ఏమీ కాలేదు. ఇది నన్ను చంపేసి ఉంటే దయ చూపినట్టయ్యేది అన్నాడు పక్కనున్న అధికారితో. ఆ రోజు చనిపోయినవాళ్ళు 2,400 మందికి పైనే. పది రోజులకి ఆయన్ని తప్పించారు. నాలుగు నక్షత్రాలు పోయి రెండు మిగిలాయి. మరుసటి ఏడాది రిటైరయ్యాడు. ఆ దాడి మీద విచారణకి వేసిన రాబర్ట్స్ కమిషన్ విధి నిర్వహణలో విఫలమయ్యాడని తేల్చింది. జపాన్ సంకేత సందేశాలు వాషింగ్టన్‌లో చదివేశారని, వాటిలో చాలా వరకు ఆయనకి పంపనే లేదని తర్వాత బయటపడింది. 1968లో చనిపోయే దాకా ఆయన తన కేసు తానే వాదించుకుంటూ గడిపాడు. కొడుకు ఒకడు, జలాంతర్గామి కమాండర్, 1944లో పోయాడు. 1999లో సెనేట్ 52-47 ఓట్లతో ఆయన హోదా తిరిగివ్వమంది, మరుసటి ఏడాది అది చట్టంలోకి కూడా ఎక్కింది. కానీ హోదా తిరిగిస్తూ ఏ అధ్యక్షుడూ సంతకం పెట్టలేదు.

ఆయన తప్పేమీ లేదని నేననను. విమానాల గస్తీ చాలినంత లేదు, పెద్ద యుద్ధనౌకలు దాదాపు అన్నీ శనివారం రాత్రికి రేవులో చేరి ఉన్నాయి. కానీ ఆ తప్పుల్లో వాషింగ్టన్ వాటా ఎంత, ఆయన వాటా ఎంత అని లెక్కగట్టే ఓపిక ఆ డిసెంబర్‌లో ఎవరికీ లేదు. ఎవరో ఒకరు పోవాలి, ఆయన పోయాడు.

నిమిట్జ్ క్రిస్మస్ రోజున పెర్ల్ హార్బర్‌కి దిగాడు. నీళ్ళ మీద ఇంకా నూనె తేలుతోంది. కిమ్మెల్ స్టాఫ్ అంతా పెట్టే బేడా సర్దుకుని ఉన్నారు, మమ్మల్నీ పంపేస్తారని. ఈయన వాళ్ళందర్నీ కూర్చోబెట్టి, మీ మీద నాకు నమ్మకముంది, ఉండండి అన్నాడు. ఇంటెలిజెన్స్ అధికారి ఎడ్విన్ లేటన్‌ని కూడా ఉంచేశాడు. డిసెంబర్ 7న నౌకాదళం కళ్ళూ చెవులూ ఆయనే కదా, అందరికన్నా ముందు ఊడాల్సిన ఉద్యోగం ఆయనది! ఆరు నెలలకి మిడ్వే దగ్గర జపాన్ ఎక్కణ్ణుంచి, ఏ వేళకి వస్తుందో దాదాపు సరిగ్గా చెప్పింది ఆ లేటనే. తనకి ఒకప్పుడు దొరికిన క్షమని నిమిట్జ్ పది మందికి పంచాడని అనొచ్చా? మనసులో మాట నాకెలా తెలుస్తుంది. చేసింది మాత్రం అది.

నిమిట్జ్ కింద పనిచేసిన అడ్మిరల్స్ హాల్సీ, స్ప్రూయెన్స్ సంగతి కూడా ఇందులోనే చెప్పేస్తాను. మిడ్వే ముందు హాల్సీకి ఒళ్ళంతా దద్దుర్లు లేచి ఆస్పత్రిలో పడ్డాడు. నా బదులు స్ప్రూయెన్స్‌ని పంపమన్నది ఆయనే. స్ప్రూయెన్స్ క్రూయిజర్ల మనిషి, విమానచోదకుడు కాడు, పేపర్లవాళ్ళతో మాట్లాడడు, తీరిక దొరికితే డెక్ మీద మైళ్ళకి మైళ్ళు నడుస్తాడు. 1942 జూన్ 4న జపాన్ విమానవాహక నౌకలు నాలుగింటికి నాలుగూ మునిగే దెబ్బ తిన్నాయి. హాల్సీ దీనికి పూర్తిగా ఎదురు. ప్రజల హీరో, నోటికి అదుపు లేదు. 1944 అక్టోబర్‌లో లేటే గల్ఫ్ దగ్గర ఎరగా పెట్టిన జపాన్ క్యారియర్ల వెంట ఉత్తరానికి పరుగెత్తి ఒక జలసంధిని కాపలా లేకుండా వదిలేశాడు. అదే ఏడాది డిసెంబర్‌లో నౌకాదళాన్ని నేరుగా తుపాన్లోకి తీసుకెళ్ళాడు. మూడు డిస్ట్రాయర్లు బోర్లాపడ్డాయి, దాదాపు 790 మంది పోయారు. విచారణ జరిగింది, అంచనా తప్పడం ఆయన బాధ్యతే అని రాశారు, శిక్ష ఏమీ లేదు. ఆరు నెలలకి ఇంకో తుపాన్లోకి తీసుకెళ్ళాడు!

అయిదు నక్షత్రాల ఫ్లీట్ అడ్మిరల్ పదవులు చట్టప్రకారం నాలుగే. లీహీ, కింగ్, నిమిట్జ్ ముందే తీసుకున్నారు. నాలుగోది 1945 డిసెంబర్‌లో హాల్సీకి వెళ్ళింది. స్ప్రూయెన్స్‌కి రాలేదు. కాంగ్రెస్ ఆయనకి జీవితాంతం పూర్తి జీతం ఇచ్చి ఊరుకుంది. ఈ నిర్ణయం తప్పని నా అభిప్రాయం, వందమందిని అడిగితే చరిత్రకారుల్లో ఎక్కువమంది ఇదే అంటారు. కిమ్మెల్‌కి ఒక పొద్దున చాలింది, హాల్సీకి రెండు తుపాన్లు సరిపోలేదు. తేడా తప్పులో లేదు. యుద్ధం ఓడిపోతున్న రోజున దొరికినవాడు ఒకడు, గెలుస్తున్న రోజుల్లో దొరికినవాడు ఇంకొకడు.

ఈ బోర్డుల సంగతి కొంచెం వెనక్కి వెళ్ళి చెప్పాలి. అమెరికా నౌకాదళంలో మొదటి ఎనభై ఏళ్ళూ అసలు అడ్మిరలే లేడు. అది రాజుల కొలువు వాసన వేసే పదవి, గణతంత్రానికి కెప్టెన్ చాలు అనేవాళ్ళు. పదోన్నతి మొత్తం సీనియారిటీ మీదే. పైవాడు చస్తేనో రాజీనామా చేస్తేనో కిందివాడికి జాగా. డేవిడ్ ఫరగట్ తొమ్మిదేళ్ళ వయసులో మిడ్‌షిప్‌మన్‌గా, అంటే శిక్షణలో ఉన్న అధికారిగా, చేరాడు, పన్నెండేళ్ళకి పట్టుబడిన ఓడ ఒకదాన్ని రేవుకి నడిపించే బాధ్యత అప్పగించారు. అంత చురుకైనవాడికి సత్తా చూపించే అవకాశం ఎప్పుడొచ్చిందో తెలుసా? అరవై దాటాక, అంతర్యుద్ధంలో. 1862లో న్యూ ఆర్లియన్స్‌లో, 1864లో మొబైల్ బేలో గెలిచాడు. 1866లో ఆ దేశపు తొలి అడ్మిరల్ అయ్యాడు. అందరికీ అంత ఆయుష్షు ఉండదు కదా. ప్రతిభ చూసి బోర్డు ఎంపిక చెయ్యాలన్న చట్టం 1916లో వచ్చింది. మంచిదే. కాకపోతే బోర్డులో కూర్చునేది పాత అధికారులే, తమలాంటివాళ్ళని ఎంచుకోవడం మనిషి స్వభావం.

ఆ బోర్డుకి అస్సలు నచ్చనివాడు హైమన్ రికోవర్. పోలండ్‌లోని చిన్న ఊళ్ళో పుట్టిన యూదు పిల్లవాడు. షికాగోలో టెలిగ్రాములు పంచుతూ చదువుకున్నాడు. 1922లో అకాడమీ నుంచి బయటికొచ్చాడు. ఓడల మీద కమాండ్ ఆయనకి అచ్చిరాలేదు. ఒక మైన్‌స్వీపర్ కొద్దికాలం నడిపి ఇంజనీరింగ్ విభాగానికి మారిపోయాడు. 1946లో అణుశక్తి నేర్చుకోవడానికి ఓక్ రిడ్జ్ వెళ్ళాడు. అక్కడి నుంచి ఆయనకి ఒకటే ధ్యాస, అణు జలాంతర్గామి. అరిహంత్‌ని నీళ్ళలోకి దింపిన ఊళ్ళో ఆ మాటకి అర్థం చెప్పక్కర్లేదు.

అప్పటిదాకా సబ్‌మెరైన్ అంటే నీళ్ళలో మునగగలిగే ఓడ, అంతే. బ్యాటరీలు నింపుకోవడానికి గాలి కోసం పైకి రాక తప్పదు. రియాక్టరుకి గాలి అక్కర్లేదు. అది అందరికీ తెలుసు, కానీ పది పదిహేనేళ్ళు పడుతుందనుకున్నారు. ఈయన 1952 జూన్‌లో తొలి అణు జలాంతర్గామి నాటిలస్‌కి అధ్యక్షుడు ట్రూమన్ చేత కీల్, అంటే ఓడ అడుగు దూలం, వేయించాడు. 1955 జనవరి 17న అది అణుశక్తితో కదిలింది.

ఆ మధ్యలో ఏమైందంటే, 1951లో బోర్డు ఈయన్ని రియర్ అడ్మిరల్‌గా ఎంపిక చెయ్యలేదు. 1952లోనూ చెయ్యలేదు. రెండుసార్లు తప్పిపోతే కెప్టెన్ ఇంటికెళ్ళాల్సిందే, అది రూలు. కీల్ వేసిన మనిషి ఓడ తేలక ముందే రిటైరైపోవాలన్నమాట. ఎందుకు ఎంపిక చెయ్యలేదంటే, నిజం చెప్పాలంటే ఆయన నోటి వల్ల. సీనియర్లని సీనియర్లని చూడడు, కాగితాల దారి పట్టడు, కాంట్రాక్టర్లని పీక్కుతింటాడు, నేవీలో ఒక హోదా, అణుశక్తి కమిషన్‌లో ఒక హోదా పెట్టుకుని ఒక టోపీతో ఉత్తరం రాసి రెండో టోపీతో జవాబిచ్చుకుంటాడు. (నవ్వులు) కాంగ్రెస్ కల్పించుకుంది. సెనేట్ కమిటీ 1953లో మొత్తం అడ్మిరల్స్ జాబితానే ఆపేసింది. అప్పుడు నేవీ కార్యదర్శి, అణు ఇంజనీరింగ్ తెలిసిన అధికారిని ఒకర్ని ఎంచాలని బోర్డుకి ఆదేశమిచ్చాడు. అలాంటివాడు ఒక్కడే ఉన్నాడు.

తర్వాత దాదాపు మూడు దశాబ్దాలు అణు నౌకల్లో పనిచెయ్యాలనుకున్న ప్రతి అధికారినీ ఆయనే స్వయంగా ఇంటర్వ్యూ చేశాడు. ముందు కాళ్ళు కోసేసిన కుర్చీలో కూర్చోబెట్టేవాడు, జారిపోతూ జవాబు చెప్పాలి. అలా కూర్చున్న ఒక కుర్ర లెఫ్టినెంట్ అకాడమీలో తన ర్యాంకు గర్వంగా చెప్పాడు, 820 మందిలో 59. నీకు చేతనైనంతా చేశావా అని రికోవర్ అడిగాడు. లేదు సార్, ప్రతిసారీ చెయ్యలేదు అన్నాడు కుర్రాడు. రికోవర్ కుర్చీ తిప్పేసుకుని, ఎందుకు చెయ్యలేదు అని ఒక్క మాట అడిగాడు. ఆ కుర్రాడు జిమ్మీ కార్టర్, తర్వాత అధ్యక్షుడయ్యాడు.

ఇది క్రూరత్వమా, క్రమశిక్షణా? నేనైతే రెండూ అంటాను. ఆయన కింద పనిచేసినవాళ్ళు చాలామంది ఆయన్ని ప్రేమించలేదు. కానీ అమెరికా అణు నౌకల్లో రియాక్టరు ప్రమాదం జరగలేదన్న మాట నిలబడి ఉంది, అది ఊరికే రాలేదు. ఎనభై దాటాక 1982లో బలవంతంగా ఇంటికి పంపారు, 63 ఏళ్ళ సర్వీసు. వెళ్ళబోయే ముందు కాంగ్రెస్ కమిటీ ముందు, ఈ అణు నౌకలన్నిట్నీ ముంచేస్తానంటూ మాట్లాడాడు, అవి తప్పనిసరి చెడు అన్నాడు. అంతేకాదు, నీతి గురించి అందరికీ క్లాసు పీకిన మనిషి, జలాంతర్గాములు కట్టే కంపెనీ నుంచి 67 వేల డాలర్ల పైచిలుకు బహుమతులు తీసుకున్నాడని తేలి 1985లో మందలింపు లేఖ అందుకున్నాడు. నిమిట్జ్‌కి మొదట్లో వచ్చిన లేఖ ఈయనకి చివర్లో వచ్చింది.

గ్రేస్ హాపర్ గురించి చెప్పకుండా దిగిపోతే మా అమ్మాయి ఇంట్లోకి రానివ్వదు. యేల్‌లో గణితంలో డాక్టరేట్ చేసిన ప్రొఫెసరమ్మ. 37వ ఏట, 1943లో నేవీ రిజర్వ్‌లో చేరింది. వయసెక్కువ, బరువు తక్కువ అన్నారు, మినహాయింపు తెచ్చుకుంది. హార్వర్డ్‌లో మార్క్ వన్ కంప్యూటర్ దగ్గర పని. 1952లో కంపైలర్ రాసింది. మనుషులు రాసే మాటల్ని యంత్రమే తన భాషలోకి మార్చుకోగలదంటే అప్పట్లో ఎవరూ నమ్మలేదు. ఆవిడ పని పునాదిగా కోబాల్ అనే కంప్యూటర్ భాష వచ్చింది. 2000 సంవత్సరం సమస్య రోజుల్లో హైదరాబాద్‌లో కోబాల్ నేర్చుకుని విమానమెక్కిన కుర్రాళ్ళు ఎంతమందో మీకు గుర్తుండే ఉంటుంది. ఇక్కడే ఇద్దరు ముగ్గురు నవ్వుతున్నారు. (నవ్వులు)

ఆవిణ్ణి అరవై నిండాయని 1966 ఆఖర్లో రిటైర్ చేశారు. ఏడు నెలలు తిరక్కుండా, ఆరు నెలల పని ఉంది రమ్మన్నారు. ఆ ఆరు నెలలు 1986 దాకా సాగాయి. 79 ఏళ్ళకి రియర్ అడ్మిరల్‌గా, బోస్టన్‌లో కాన్‌స్టిట్యూషన్ అనే పాత తెరచాప యుద్ధనౌక మీద వీడ్కోలు తీసుకుంది. అడుగు కన్నా రవ్వంత తక్కువ తీగముక్కలు సంచిలో వేసుకు తిరిగేది, కాంతి ఒక నానోసెకండులో పోయే దూరం ఇదీ అని అందరికీ పంచిపెట్టేది. ఉపగ్రహం ద్వారా సందేశానికి అంత ఆలస్యమెందుకని అడిగే అడ్మిరల్స్‌కి, ఇలాంటి తీగలు ఇక్కడి నుంచి అక్కడిదాకా ఎన్ని పడతాయో లెక్కపెట్టుకోండి అనేది.

ప్రశ్నలకి టైముందంటున్నారు. అడగండి.

ప్రశ్న: 1971 యుద్ధంలో అమెరికా విమానవాహక నౌక ఎంటర్‌ప్రైజ్ బంగాళాఖాతంలోకి వచ్చినప్పుడు వాళ్ళ నేవీ చీఫ్ ఎవరు?

ఎల్మో జుమ్‌వాల్ట్. 49 ఏళ్ళకే చీఫ్ అయ్యాడు, అంత చిన్నవాడు అంతకు ముందు లేడు. ఈయన్నీ సీనియర్లు చాలామంది క్షమించలేదు. గెడ్డాలు పెంచుకోనిచ్చాడని, నల్లజాతి నావికుల మీద వివక్ష తీసేయమని ఉత్తర్వులిచ్చాడని. శామ్యూల్ గ్రేవ్‌లీ తొలి నల్లజాతి అడ్మిరల్ అయింది ఈయన కాలంలోనే, అదే 1971లో. వియత్నాంలో నదుల ఒడ్డున మాటు వేసే శత్రువు నుంచి తన పడవల్ని కాపాడుకోవడానికి చెట్ల ఆకులు రాల్చే ఏజెంట్ ఆరెంజ్ చల్లించాడు. ఆ పడవల్లో ఒకదాని కమాండర్ ఆయన కొడుకే. ఆ కొడుకు 1988లో క్యాన్సర్‌తో పోయాడు, ఆ మందే కారణమని తండ్రీ కొడుకులిద్దరూ నమ్మారు. ఎంటర్‌ప్రైజ్ పంపాలన్న నిర్ణయం మాత్రం నిక్సన్, కిసింజర్‌లది. ఇంకోటి, డిసెంబర్ 3 అర్ధరాత్రి దాటాక మన తీరంలో మునిగిన పాకిస్తాన్ జలాంతర్గామి ఘాజీ కూడా అమెరికాలో కట్టిందే. అసలు పేరు డయాబ్లో, 1944 చివర్లో నీళ్ళలోకి దిగింది. పసిఫిక్‌లో నిమిట్జ్ నౌకాదళంలోకి వచ్చి, తొలి గస్తీ దారిలో ఉండగానే యుద్ధం అయిపోయింది. 1964లో పాకిస్తాన్‌కి ఇచ్చారు.

ప్రశ్న: మరి నిమిట్జ్‌కి మన దేశంతో ఏమైనా సంబంధం ఉందా?

ఉంది, చాలామందికి గుర్తులేదు. 1949లో ఐక్యరాజ్యసమితి ఆయన్ని కశ్మీర్ ప్లెబిసైట్, అంటే ప్రజాభిప్రాయ సేకరణ, అడ్మినిస్ట్రేటర్‌గా నియమించింది. ముందు సైన్యాలు వెనక్కి వెళ్ళాలి, ఆ షరతుల మీద రెండు దేశాలకీ కుదర్లేదు. ప్లెబిసైట్ జరగలేదు, ఆయనకి పని పడలేదు. కొన్నేళ్ళు చూసి ఆ పదవి వదిలేశాడు. ఆయన పేరు పెట్టిన విమానవాహక నౌక మాత్రం 2007 జులైలో చెన్నై వచ్చింది. రెండు రియాక్టర్ల ఓడ కదా, రేవులోకి రాకుండా బయటే లంగరు వేసింది. అణు నౌక మాకొద్దని ఒడ్డు మీద నిరసనలు కూడా జరిగాయి.